గీత కింద రెండు చుక్కలు

సిటిజన్‌షిప్ ఇంటర్వ్యూకి వెళ్ళిన రాజీవ్ పన్నెండు కల్లా వచ్చేస్తాడని నాగమణి పొద్దున్నే లేచి సేమియా పాయసం కాచి పెట్టింది. పదేళ్ళప్పుడు ఈ దేశం వచ్చాడు, ఇప్పుడు ఇరవై ఏడు నిండాయి. స్పీడింగ్ టికెట్ కూడా లేని పిల్లాడు. వాడికి ఇవ్వకపోతే ఇంకెవరికిస్తారు సిటిజన్‌షిప్? ఆవిడా, ఆవిడ మొగుడు వీరాంజనేయులూ అయిదేళ్ళ కిందట, 2008లోనే, డెట్రాయిట్ వెళ్ళి చేతులెత్తి ప్రమాణాలు చేసి సిటిజన్లు అయిపోయారు. వీడే, "గ్రీన్ కార్డ్ ఉందిగా అమ్మా, ఇప్పుడేం తొందర" అంటూ చదువు వంక పెట్టి బద్ధకించాడు.

ఇప్పుడు తొందర వచ్చి పడింది. యుద్ధాల్లో, ప్రమాదాల్లో కాళ్ళూ చేతులూ పోగొట్టుకున్న వాళ్ళకి కృత్రిమ అవయవాలు తయారుచేసి అమర్చే పని రాజీవ్‌ది. రిటైరైన సైనికులకి వైద్యం చేసే గవర్నమెంట్ ఆస్పత్రి ఒకటి వాడిని సెలెక్ట్ చేసుకుంది. ఇరాక్ నుంచీ అఫ్గానిస్తాన్ నుంచీ కుర్రాళ్ళు ఒంటి కాలితో వస్తున్నారనీ, వాళ్ళని నడిపించే పని ఇదనీ, ఆ ఉద్యోగం గురించి వాడు చెప్తుంటే నాగమణికి కళ్ళ నీళ్ళొచ్చేవి. అక్టోబర్‌లో చేరాలి. సిటిజన్ అయితేనే చేర్చుకుంటారు. ఉన్న మెలిక అదొక్కటే.

రాజీవ్ ఒంటిగంటకి వచ్చాడు. షూస్ విప్పకుండా లోపలికొచ్చి సోఫాలో కూలబడ్డాడు. ఆ ఇంట్లో షూస్‌తో గుమ్మం దాటిన వాడు అంతవరకూ లేడు. నాగమణి చేతిలో గరిట అలాగే ఉండిపోయింది.

"అమ్మా, సెలెక్టివ్ సర్వీస్ అంటే ఏంటో నీకు తెలుసా?" అన్నాడు.

ఆవిడకేం తెలుస్తుంది పాపం? కేబుల్ కంపెనీ ఏదో కొత్త ప్లాన్ పెట్టింది కాబోలు అనుకుంది. వాడు ఇంటర్వ్యూలో విన్నది విన్నట్టు చెప్పాడు. ఈ దేశంలో పద్దెనిమిదేళ్ళు నిండిన మగపిల్లాడు ప్రతివాడూ, సిటిజన్ అయినా గ్రీన్ కార్డ్ అయినా, తన పేరు గవర్నమెంట్ లిస్టులో రాయించుకోవాలట. రేపెప్పుడైనా పెద్ద యుద్ధం వచ్చి సైన్యానికి మనుషులు చాలకపోతే ఆ లిస్టులోంచి తీసుకుంటారట. ఇరవై ఆరు నిండేలోగా రాయించుకోవాలి, ఆ తర్వాత కావాలన్నా రాయించుకోరు. రాజీవ్ పేరు అందులో లేదు. తెలిసి ఎగ్గొట్టిన వాడికి సిటిజన్‌షిప్ ఇవ్వరు. తెలియక జరిగింది అని రుజువు చేసుకుంటే ఇస్తారు. ఆ ఆఫీస్ వాళ్ళకి రాసి, వాళ్ళ రికార్డులో ఏముందో ఒక లెటర్ తెప్పించుకుని మళ్ళీ రమ్మని ఆఫీసరమ్మ పంపించింది.

నాగమణి గుండె కుదుటపడింది. తెలిస్తే కదా ఎగ్గొట్టడానికి? మనకెవరు చెప్పారు, మనకెలా తెలుస్తుంది, అదే రాసి పడెయ్ అంది. వీరాంజనేయులు అప్పుడే పెరుగన్నం కలుపుకుంటున్నాడు. కలిపిన ముద్ద నోట్లో పెట్టుకోలేదు. లేచి చెయ్యి కడుక్కుని, గరాజ్‌లో ఏదో పనుందని వెళ్ళాడు. కొడుక్కి అడ్డంకి వచ్చిందని బెంగపడ్డాడు, పిచ్చి మనిషి, అనుకుంది నాగమణి.

ఈ వీరాంజనేయులు సంగతి కొంచెం చెప్పాలి. తెనాలి మనిషి, డెట్రాయిట్ పక్కన ట్రాయ్‌లో కార్ల బ్రేకులు డిజైన్ చేసే కంపెనీలో ఇంజనీరు. పేరులో వీరుడున్నాడు గానీ, ఫైర్ అలారం మోగితే చెప్పులు కూడా వేసుకోకుండా మంచులోకి పరుగెత్తే రకం. ఆయనకో అలవాటు. ఇంటికి ఎవరి పేరున ఉత్తరం వచ్చినా ఆయనే విప్పాలి. శనివారం పొద్దున కాఫీ తాగుతూ వంటింటి బల్ల దగ్గర నిలబడి, కూరలు తరిగే కత్తితో కవర్లన్నీ కోసి కుప్పలు పెడతాడు. నాగమణి లైబ్రరీ నోటీసులు, రాజీవ్ కాలేజీ ఉత్తరాలు, అన్నీ ముందు ఆయన చదివాకే మిగతా వాళ్ళకి. ఒకళ్ళ మెయిల్ ఇంకొకళ్ళు విప్పడం ఇక్కడ నేరం నాన్నా అని రాజీవ్ హైస్కూల్లో ఉన్నప్పుడోసారి అంటే, "నువ్వు ఇంకొకడివెలా అవుతావురా" అన్నాడు. ఫారాలు నింపడం కూడా ఆయనే. ఎవరి పేరున సంతకం కావాలంటే వాళ్ళ పేరున గీకేసేవాడు. సంతకాల శాఖ మీ నాన్నదిరా అని నాగమణి మేలమాడేది. మన ఇళ్ళల్లో ఇదేం వింత? తండ్రన్నాక ఆ మాత్రం చేస్తాడు అనుకునే వాళ్ళం కదా అందరం.

మూడు వారాలకి ఆ లెటర్ వచ్చింది. శనివారమే. వీరాంజనేయులు మిగతా కవర్లన్నీ కోశాడు గానీ దాన్ని కొయ్యలేదు. రెండు చేతులతో పట్టుకెళ్ళి, లంచ్‌కి వచ్చిన రాజీవ్‌కి ఇచ్చాడు. ఇన్నేళ్ళ కాపురంలో ఆయన విప్పకుండా ఇచ్చిన ఉత్తరం నాగమణి చూడ్డం అదే మొదలు. ఈయనకివాళ ఏమైందబ్బా అనుకుంది.

రాజీవ్ చదివాడు. మళ్ళీ చదివాడు.

2004లో, వాడికి పద్దెనిమిది నిండాక, పేరు రాయించుకోమని ఇదే అడ్రస్‌కి రెండు నోటీసులు పంపారట. రెండో దానికి జూన్‌లో జవాబు కూడా అందిందట. నేను తల్లిదండ్రుల వీసా మీద తాత్కాలికంగా ఉంటున్నాను కాబట్టి ఈ లిస్టు నాకు వర్తించదు అని గడిలో టిక్ పెట్టి, రాజీవ్ పేరున సంతకం చేసి ఉందట. వీసా కాదు, అప్పటికి రెండేళ్ళ ముందే అందరికీ గ్రీన్ కార్డ్‌లు వచ్చేశాయి. ఆ జవాబు కాపీ కూడా జత చేశారు.

"ఇది నేను రాయలేదు," అన్నాడు రాజీవ్. "నా సంతకం ఇలా ఉండదు. ఎవరో నా పేరు మీద... ఎవరు చేస్తారమ్మా ఇలా?"

నాగమణి ఆ కాగితం అందుకుంది. రాజీవ్ సంతకం కోడి గీకినట్టు అడ్డదిడ్డంగా ఉంటుంది. ఇది ముత్యాల్లాంటి అక్షరాలు. పేరు కింద ఎడమ నుంచి కుడికి బారుగా గీత. ఆ గీత కింద రెండు చుక్కలు.

ఆవిడకి ఆ చేతిరాత తెలుసు. పెళ్ళినాడు రిజిస్టర్లో ఆవిడ పేరు పక్కన పడింది ఆ గీత. ఈ ఇల్లు కొన్న కాగితాల మీద ఉంది ఆ గీత. రాజీవ్‌ని ఫీల్డ్ ట్రిప్‌కి పంపిన ప్రతి ఫారం మీదా ఉన్నాయి ఆ రెండు చుక్కలు. ఎవరి పేరు రాసినా సరే, ఆఖర్న గీత గీసి రెండు చుక్కలు పెట్టకుండా ఆయన చెయ్యి ఆగదు.

కాగితం బల్ల మీద పెట్టి, మొగుడి వైపు తిరిగి, "ఏమండీ," అంది. అంతే అనగలిగింది.

వీరాంజనేయులు దబాయించలేదు. దబాయిస్తే బాగుండేదేమో, ఆవిడకి తిట్టడానికైనా వీలుండేది. గోడకి చేరగిలబడి, "డెన్నిస్ చెప్పాడు," అని మొదలుపెట్టాడు.

ఎదురింటి డెన్నిస్, ఇప్పుడు లేడు, ఫ్లోరిడా వెళ్ళిపోయాడు. ఆ ఏడు చలికాలంలో మంచు తోసుకుంటూ ఇద్దరూ డ్రైవ్‌వే చివర కబుర్లాడుకునే వాళ్ళు. వియత్నాం యుద్ధం రోజుల్లో ఈ దేశం కుర్రాళ్ళని ఎలా ఎంచిందో డెన్నిస్ చెప్పాడు. ఏడాదిలోని రోజులన్నీ చీటీల మీద రాసి, నీలం గొట్టాల్లో పెట్టి, గాజు జాడీలో పోసి, టీవీలో అందరూ చూస్తుండగా ఒక్కొక్కటే తీశారట. ఎవడి పుట్టినరోజు ముందు వస్తే వాడు ముందు పోవాలి. డెన్నిస్ పుట్టినరోజు మూడు వందలు దాటాక వచ్చింది. వాడి తమ్ముడిది మొదటి ముప్ఫైలోనే వచ్చింది. డెన్నిస్ ఇంట్లోనే ఉండిపోయాడు. తమ్ముడు పోయాడు, తిరిగి రాలేదు. వాళ్ళమ్మ చనిపోయేదాకా, వాణ్ణి నాలుగు రోజులు ఆలస్యంగా కని ఉంటే బతికేవాడు అంటూనే ఉండేదట.

"అప్పుడు ఇరాక్ నడుస్తోంది," అన్నాడు వీరాంజనేయులు. "ఆఫీస్‌లో అందరూ మళ్ళీ బలవంతంగా తీసుకుంటారటగా అనుకుంటున్నారు. సరిగ్గా అప్పుడొచ్చింది కవర్. చింపేశాను. మళ్ళీ వచ్చింది. ఇలా కాదని జవాబు రాశాను. వీడి పుట్టినరోజు ఆ జాడీలో పడకూడదనుకున్నాను, అంతే."

రాజీవ్ నవ్వాడు. ఆ నవ్వు వింటే నాగమణికి భయమేసింది. "నాన్నా, ఎవరినీ తీసుకోలేదు. ఒక్కణ్ణి కూడా తీసుకోలేదు," అన్నాడు. తాళాలు తీసుకుని తన అపార్ట్‌మెంట్‌కి వెళ్ళిపోయాడు. అన్నం తినలేదు.

ఆ మధ్యాహ్నం నాగమణి మొగుణ్ణి నోటికొచ్చినట్టు తిట్టింది. ముప్ఫై ఏళ్ళలో ఒక్కసారి కూడా వాడని మాటలన్నీ వాడింది. ఆయన గోడకి అలాగే ఆనుకుని ఉన్నాడు. పిల్లాడి మీద ప్రేమ అంటారా? ప్రేమే, ఎవరు కాదన్నారు? కానీ అడక్కుండా చేసిన ప్రేమ, చెప్పకుండా దాచిన ప్రేమ. తొమ్మిదేళ్ళు ఆ పిల్లాడి నెత్తిన బండ పెట్టి, పైన పూలు కప్పి ఉంచాడు. ఇరవై ఆరు నిండేలోగా ఒక్క మాట చెప్పి ఉంటే అయిదు నిమిషాల్లో కంప్యూటర్లో పేరు కొట్టేసుకునేవాడు. అసలు ఆ సంగతే మర్చిపోయానన్నాడు వీరాంజనేయులు. అందుకు ఇంకా ఒళ్ళు మండింది ఆవిడకి.

సోమవారం ముగ్గురూ లాయర్ దగ్గరికి వెళ్ళారు. సుమతి అని, హనుమకొండ అమ్మాయి, ఇమిగ్రేషన్ కేసులు చూస్తుంది. ఆమె కాగితాలన్నీ చదివి, కళ్ళద్దాలు తీసి బల్ల మీద పెట్టింది. 1973 తర్వాత ఈ దేశం ఎవ్వరినీ బలవంతంగా సైన్యంలోకి తీసుకోలేదని చెప్పింది. వియత్నాం యుద్ధం వద్దని జనం రోడ్ల మీదికొచ్చాక ఆ పద్ధతే ఎత్తేశారు, లిస్టు రాయడం కూడా కొన్నేళ్ళు ఆపేశారు. రష్యా వాళ్ళు అఫ్గానిస్తాన్‌లో దిగాక, మేం కూడా సిద్ధంగానే ఉన్నాం అని చూపించుకోవడానికి 1980లో మళ్ళీ మొదలుపెట్టారు. అప్పట్నుంచీ అది ఉత్త లిస్టే.

ఉత్త లిస్టు కోసమా ఇదంతా? అనుకుంది నాగమణి. వీరాంజనేయులు తల ఎత్తలేదు.

సుమతి దారి చెప్పింది. ఆ సంతకం నాది, నా కొడుక్కి ఈ ఉత్తరాల సంగతే తెలియదు అని తండ్రి ప్రమాణపత్రం రాసిస్తే రాజీవ్ బయటపడే అవకాశం గట్టిగానే ఉంది. అయితే చిక్కుంది. తను వీరాంజనేయులు గారి 2008 అప్లికేషన్ కాపీ చూసింది. అమెరికా ప్రభుత్వానికి ఎప్పుడైనా అబద్ధపు సమాచారం ఇచ్చారా అన్న ప్రశ్నకి ఆయన లేదు అని రాశారు, ప్రమాణం చేసి అదే చెప్పారు.

"ఇప్పుడు ఈ కాగితం ఇస్తే, ఆ రోజు మీరు చెప్పింది అబద్ధమని మీరే రాసిచ్చినట్టు అవుతుంది సార్," అంది సుమతి. "మీ సిటిజన్‌షిప్ కేసు తిరిగి తెరవొచ్చు. తెరుస్తారని చెప్పలేను. తెరవరని అసలే చెప్పలేను. ఊడితే దేశం వదిలి పొమ్మనే దాకా పోవచ్చు."

లేకపోతే ఇంకో దారి ఉంది. రాజీవ్ ఈ అప్లికేషన్ మానుకుని, ముప్ఫై ఒకటి నిండాక మళ్ళీ పెట్టుకోవచ్చు. అప్పటికి ఇది పాత సంగతి కింద పోతుంది. ఆస్పత్రి ఉద్యోగం మాత్రం అప్పటిదాకా ఆగదు.

వీరాంజనేయులు పెన్ను అడిగాడు. అంత పిరికి మనిషి, ఒక్క క్షణం కూడా ఆలోచించలేదు, ఆ మాట చెప్పుకోవాలి. ఇంకా డ్రాఫ్ట్ రాయలేదు సార్ అని సుమతి ఆపాల్సొచ్చింది. ఆమె నాగమణి వైపు చూసింది, మీరేమంటారన్నట్టు. నాగమణి తడుముకోలేదు.

"పిల్లాడే ముఖ్యం నాకు. ఈయన చేసినదానికి ఈయనే అనుభవించాలి," అంది, మొగుడు వింటుండగానే.

రాజీవ్ తండ్రితో మాట్లాడటం శనివారం నుంచే మానేశాడు. ప్రమాణపత్రం నోటరీ ముందు సంతకమైంది, గీతా రెండు చుక్కలతో సహా. దాన్ని కవర్లో పెట్టి సుమతి రాజీవ్ చేతికిచ్చింది. ఇంటర్వ్యూలో ఆఫీసర్‌కి నేరుగా ఇవ్వమంది.

తర్వాత అయిదు వారాలు ఆ ఇల్లు ఇల్లులా లేదు. నాగమణి పొద్దున దేవుడి ముందు కూర్చుని రాజీవ్ పేరే తలుచుకునేది. మొగుడి పేరు తలుచుకోకూడదని పట్టుపట్టింది. ఆయన తన బ్యాంకు కాగితాలూ, ఇన్సూరెన్స్ కాగితాలూ ఒక ఫైల్లో సర్ది, ఏది ఎక్కడుందో ఆవిడకి చూపించాడు. తెనాలిలో అన్నయ్యకి ఫోన్ చేసి, మేడ మీద గది ఖాళీగా ఉందా అని ఊరికే అడిగినట్టు అడిగాడు. నాగమణి అన్నీ వింటూ, విననట్టు కూరలు తరిగింది. పోనీ, పోతే పోనీ అనుకుంది. అలా అనుకున్నాననే అనుకుంది.

ఇంటర్వ్యూ రోజు ముగ్గురూ కలిసే డెట్రాయిట్ వెళ్ళారు. లాయర్‌ని లోపలికి తెచ్చుకోవచ్చు గానీ, రాజీవ్ అక్కర్లేదన్నాడు. వాడు లోపలికి వెళ్ళాడు, వీళ్ళిద్దరూ వెయిటింగ్ హాల్లో ప్లాస్టిక్ కుర్చీల్లో కూర్చున్నారు. గంటంపావు పట్టింది. వీరాంజనేయులు మధ్యలో ఒకసారి, కాఫీ తాగుతావా అన్నాడు. ఆవిడ మొహం అటు తిప్పుకుంది.

రాజీవ్ వచ్చాడు. నడక మామూలుగానే ఉంది. వచ్చి వాళ్ళ ఎదురుగా నిలబడి, డినై చేశారు అన్నాడు.

వీరాంజనేయులు గబుక్కున లేచాడు. నా కాగితం చూపించలేదా, చూపిస్తే ఎలా కాదన్నారు అని అడిగాడు. చూపించలేదన్నాడు రాజీవ్. కవర్ తియ్యబోయేలోగా ఆఫీసరమ్మ ఒక మాట చెప్పిందట. పెద్దావిడ, మంచిదేనట. మీరు నాకేం కాగితం ఇచ్చినా నేను నా దగ్గర దాచుకోలేను, అది ఎవరి గురించైతే వాళ్ళ ఫైల్లోకి వెళ్ళిపోతుంది, అది తెలుసుకుని ఇవ్వండి అందట. ఆ తర్వాత 2004 నాటి కాపీ ముందు పెట్టి, ఈ సంతకం ఎవరిది అని అడిగిందట.

"నాదే అన్నాను," అన్నాడు రాజీవ్.

"తెలిసే ఎగ్గొట్టాను, భయపడి అబద్ధం రాశాను, మొదటి ఇంటర్వ్యూలో కూడా తెలిసే తెలియదన్నాను అని చెప్పాను. ఆవిడ చాలాసేపు నా మొహం చూసింది. ఇంకోసారి అడిగింది. మళ్ళీ అదే చెప్పాను. రాసేసుకుంది."

కోడి గీకినట్టు ఉండే సంతకం వాడిది. చిన్నప్పుడు ఫ్రెండ్ హోంవర్క్ కాపీ కొట్టానని తనే టీచర్‌కి చెప్పి ఇంటికొచ్చి ఏడ్చిన పిల్లాడు. కుడి చెయ్యి ఎత్తి ప్రమాణం చేసి, అమెరికా ప్రభుత్వానికి అబద్ధం చెప్పి వచ్చాడు.

వీరాంజనేయులు, "కాదు, కాదురా, అది నేను," అంటూ కౌంటర్ కిటికీ వైపు పరుగులాంటి నడకతో వెళ్ళాడు. అక్కడున్న గార్డ్ అపాయింట్‌మెంట్ పేపర్ అడిగాడు. ఆయన దగ్గర లేదు. లేకపోతే లైన్‌లోకి రాకూడదన్నాడు గార్డ్, మర్యాదగానే. ఆయన ఖాళీ చేతులు చూపిస్తూ, నా కొడుకు, నా సంతకం, అని ఆ రెండు మాటలే మళ్ళీ మళ్ళీ అంటున్నాడు.

నాగమణి కుర్చీలోనే ఉంది. కొడుకు ఉద్యోగం పోయింది. సిటిజన్‌షిప్ పోయింది. ముప్ఫై ఒకటి నిండాక పెట్టుకున్నా, ఈ రోజు వాడు చెప్పింది వాడి ఫైల్లో ఉంటుంది. ఇదంతా ఆవిడకి తెలుసు, అర్థమైంది కూడా. అయినా ముందుగా ఆవిడ నోట్లోంచి వచ్చిన మాట అది కాదు.

"అమ్మయ్య," అంది నాగమణి.

పైకే అంది. మొగుడు ఇంటికి వస్తాడు, ఎవరూ ఎక్కడికీ పొమ్మనరు, ఆ ఫైలు మళ్ళీ బీరువాలో పెట్టెయ్యొచ్చు, అవన్నీ ఒక్కసారిగా గుండెల్లోంచి ఊపిరిలా వచ్చేశాయి. వచ్చాక ఆవిడకే తెలిసింది ఏమందో. చేత్తో నోరు మూసుకుంది.

రాజీవ్ విన్నాడు. తల్లి మొహంలోకి చూశాడు. వాడేమైనా అంటాడేమో, కనీసం తిడతాడేమో అని ఆవిడ ఎదురుచూసింది. వాడు వంగి, ఆవిడ కాళ్ళ దగ్గర పడిపోయిన హ్యాండ్‌బ్యాగ్ తీసి ఒళ్ళో పెట్టాడు. తర్వాత కౌంటర్ దగ్గరికి వెళ్ళి, గార్డ్‌కి సారీ చెప్పి, నెల రోజులకి పైగా మాట్లాడని తండ్రిని భుజం పట్టుకుని వెనక్కి నడిపించుకుంటూ వచ్చాడు.